ఆట వృత్తి అయితే, జబ్బు ఎవరిది?

సంపాదకులు గారికి,

నమస్కారం. మీ ఆదివారం అనుబంధంలో మాజీ ఫుట్‌బాల్ ఆటగాళ్ల మీద వచ్చిన పూర్తి పేజీ వ్యాసం రెండుసార్లు చదివాను. మొదటిసారి సంతోషంతో చదివాను. క్రికెట్ కాని ఆటకు మన పత్రికలు ఒక పేజీ ఇచ్చి ఎన్నాళ్లయిందో! రెండోసారి చదివేటప్పటికి ఒళ్లు మండింది. ఆ కోపం చల్లారాక రాద్దామని నాలుగు రోజులు ఆగాను. చల్లారలేదు, అందుకే రాస్తున్నాను.

నేను 32 ఏళ్లు ప్రభుత్వ ఉన్నత పాఠశాలల్లో వ్యాయామ ఉపాధ్యాయుడిగా పని చేసి 2012లో పదవీ విరమణ చేశాను. అంతకు ముందు ఆరేళ్లు ఒక చిన్న ప్రభుత్వ సంస్థ జట్టులో రైట్ హాఫ్‌గా హైదరాబాద్ లీగ్ ఆడాను. నా పేరు మీ పాఠకులెవరికీ తెలియదు, తెలియాల్సినంత ఆట నేను ఆడలేదు కూడా. కానీ ఆడినవాళ్లను దగ్గర నుంచి చూశాను.

మీ వ్యాసం మీద నా ఫిర్యాదు ఏమిటంటే, అది మొదటి వాక్యం నుంచి చివరి వాక్యం దాకా జాలి. వెలిసిపోయిన గోడ, గోడ మీద దండ వేసిన ఫొటో, బీరువాలో నల్లబడిన కప్పులు. ఆ బీరువా తలుపు ఫొటోగ్రాఫరే తెరిపించి ఉంటాడు. ఆ ఇళ్లలో బీరువాలను అలా బార్లా తెరిచి ఉంచరు, లోపల పింఛను కాగితాలు కూడా ఉంటాయి. ముసలి ఆటగాడి గురించి ఎవరు రాసినా ఇదే వరస. ఒకప్పుడు వేలమంది చప్పట్లు, ఇప్పుడు పలకరించే దిక్కు లేదు, ప్రభుత్వం ఆదుకోవాలి. ఈ మూడు ముక్కల మధ్యలో మన హైదరాబాద్ ఆటగాడు మహమ్మద్ హబీబ్ పేరు కూడా ఇరికించి, 'చివరి రోజుల్లో జ్ఞాపకశక్తి కోల్పోయి కన్నుమూశారు' అని ఒక్క వాక్యంతో సరిపెట్టారు. నా అభ్యంతరమంతా ఆ వాక్యం దగ్గరే. హబీబ్ జాలిపడాల్సిన మనిషి కాదు.

ఆ కాలంలో ఫుట్‌బాల్ ఆటగాడి బతుకు ఎలా నడిచేదో ఇప్పటి పిల్లలకు తెలియదు కనుక చెబుతాను. ఆట ఎవరికీ అన్నం పెట్టేది కాదు. ఆట ఉద్యోగం పెట్టించేది, ఉద్యోగం అన్నం పెట్టేది. 1950 నుంచి 1954 దాకా వరసగా ఐదేళ్లు బొంబాయి రోవర్స్ కప్పు గెలుచుకొచ్చిన, కోచ్ రహీం గారి హైదరాబాద్ సిటీ పోలీసు జట్టు పోలీసు జీతాల మీద బతికిన జట్టే. తర్వాత రైల్వే, బ్యాంకులు, విద్యుత్ బోర్డు అదే దారి పట్టాయి. పొద్దున ఆరింటికి ప్రాక్టీసు, పదింటికి రిజిస్టరులో సంతకం, మ్యాచ్ ఉన్న రోజు మధ్యాహ్నం సెలవు, నాలుగింటికి కిక్ ఆఫ్. ముప్పై ఏళ్లకు మోకాలు పోయినా యాభై ఎనిమిది దాకా కుర్చీ ఉండేది. ఆ తర్వాత పింఛను, ఒంట్లో బాగాలేకపోతే డిపార్టుమెంటు ఆసుపత్రి.

మా నాన్న లాలాగూడ రైల్వే వర్క్‌షాపులో ఫిట్టరు. ఆయనకు ఆఫ్‌సైడ్ అంటే ఏమిటో చివరిదాకా అర్థం కాలేదు గానీ ఈ లెక్క బాగా అర్థమైంది. "బంతి నీ కాళ్ల దగ్గర ఉన్నంతసేపే నువ్వు ఆటగాడివి. రిజిస్టరులో పేరుంటే యాభై ఎనిమిది దాకా మనిషివి" అనేవారు. నేను ఆయన మాట విన్నాను. మా తరంలో అందరం మా నాన్నల మాట విన్నాం.

హబీబ్ వినలేదు. రాష్ట్రాల జట్లు తలపడే సంతోష్ ట్రోఫీ 1965–66 ఫైనల్‌లో బెంగాల్‌ను ఓడించి ఆంధ్రప్రదేశ్ కప్పు గెలిచినప్పుడు ఆయనకు ఇంకా పదిహేడు నిండలేదు. ఆ పేరుతో మన రాష్ట్రం ఆ కప్పు ఎత్తింది ఆ ఒక్కసారే. ఓడిన ఊరి క్లబ్బు ఈస్ట్ బెంగాలే ఆయనను కలకత్తా తీసుకుపోయింది. ఇక అక్కడే పదిహేను, పదహారేళ్ల పైచిలుకు. ఈస్ట్ బెంగాల్, మోహన్ బగాన్, మహమ్మడన్ స్పోర్టింగ్ మూడింటికీ ఆడారు. ఉద్యోగాలు ఇస్తామని వచ్చారు, వద్దన్నారు. తన పని ఫుట్‌బాల్ అన్నారు. కాగితం మీద మన దేశంలో ఫుట్‌బాల్ ఇంకా అమెచ్యూర్ ఆటగా ఉన్న రోజులవి. జాతీయ లీగ్ మొదలైంది 1996లో. దానికి ముప్పై ఏళ్ల ముందే ఆయన తన మటుకు తాను ప్రొఫెషనల్ అయిపోయారు. మన దేశపు మొదటి నిజమైన ప్రొఫెషనల్ ఫుట్‌బాలర్ ఆయనే అని కలకత్తాలో ఇప్పటికీ అంటారు. అక్కడ ఆయన పేరు బడే మియా.

ఏడాదికోసారి సంతకం, ఏడాదికోసారి బేరం. బదిలీల కాలం వస్తే క్లబ్బు మనుషులు ఆటగాళ్లను అవతలి క్లబ్బు కంట పడకుండా దాచిపెట్టేవారు. వినడానికి సరదాగా ఉంటుంది. కానీ కాలు విరిగితే వచ్చే ఏడాది సంతకం ఉండదు, రిజిస్టరూ ఉండదు. అలాంటి తాడు మీద నడుస్తూ ఆయన 1970 బ్యాంకాక్ ఆసియా క్రీడల్లో కంచు పతకం తెచ్చిన జట్టులో ఆడారు. ఆ జట్టు నాయకుడు నయీముద్దీన్ కూడా మన హైదరాబాద్ వారే. ఆ తర్వాత ఇన్నేళ్లలో భారత ఫుట్‌బాల్‌కు ఆసియా క్రీడల్లో ఇంకో పతకం రాలేదు. 1980లో హబీబ్‌కు అర్జున అవార్డు వచ్చింది.

1977 సెప్టెంబరు 24 సంగతి చెప్పకుండా ఉండలేను. న్యూయార్క్ కాస్మోస్ జట్టుతో పీలే కలకత్తా వచ్చారు. వానకు ఈడెన్ గార్డెన్స్ మైదానం చిత్తడిగా ఉంది, ఆ బురదలో పీలే కాళ్లకు ఏమవుతుందోనని అందరికీ దిగులు. మోహన్ బగాన్ రెండు గోల్స్ కొట్టింది, మ్యాచ్ 2–2తో ముగిసింది. ఆ రెండింటిలో ఒకటి హబీబ్ కొట్టారు. మర్నాడు పొద్దున్న మా నాన్న పేపరు తెచ్చి నా మంచం మీద పడేసి, "మీ వాడు పీలే మీద కొట్టాడట" అన్నారు. హబీబ్‌ను 'మీ వాడు' అనడం అదే మొదలు. అప్పటిదాకా 'ఉద్యోగం వద్దన్న పిచ్చివాడు'.

ఆట మానేశాక ఆయన చేతులు కట్టుకుని కూర్చోలేదు. జంషెడ్‌పూర్ టాటా ఫుట్‌బాల్ అకాడమీలో పిల్లలకు నేర్పారు, హల్దియాలో నేర్పారు. అంటే విశ్రాంతి తీసుకోవలసిన వయసులో కూడా మైదానంలో నిలబడే సంపాదించుకున్నారు. తర్వాత హైదరాబాద్ వచ్చేశారు. చివరి ఏళ్లలో మతిమరుపు వ్యాధి, దానితో పాటు పార్కిన్సన్స్ అనే వణుకుడు జబ్బు. 2023 ఆగస్టు 15న పోయారు. అదే ఏడాది ఫిబ్రవరి 16న, ఆరు నెలల ముందు, మన సికింద్రాబాద్ అమ్ముగూడలో పుట్టిన తులసీదాస్ బలరాం కలకత్తాలో పోయారు. రోమ్ ఒలింపిక్స్‌లో హంగరీ మీద, పెరూ మీద గోల్స్ కొట్టిన బలరాం. ఊపిరితిత్తుల జబ్బుతో 27 ఏళ్లకే ఆట మానవలసి వచ్చింది. అయితే ఆయనకు రైల్వే ఉద్యోగం ఉంది. ఉత్తర్‌పాడాలో హుగ్లీ నది కనిపించే ఫ్లాట్‌లో ఒంటరిగానే అయినా, ఎవరి ముందూ చేయి చాచకుండా బతికారు. పద్మశ్రీ రాలేదని బాధపడ్డారు, అది వేరే కథ. మా నాన్న లెక్కకు సాక్ష్యం కావాలంటే ఈ ఇద్దరినీ పక్కపక్కన పెట్టి చూస్తే చాలు.

ఇప్పుడు అసలు సంగతికి వస్తాను. 'జ్ఞాపకశక్తి కోల్పోయి' అని రాసిన మీ విలేకరి, ఎందుకు అని ఎందుకు అడగలేదు?

హబీబ్ ఒక్కరే కాదు. 1962లో జకార్తా ఆసియా క్రీడల్లో బంగారు పతకం గెలిచిన జట్టులోని మన యూసుఫ్ ఖాన్ గారికి చివరి ఏళ్లలో పార్కిన్సన్స్. 2006లో పోయారు. ఈ జబ్బులు బంతిని తలతో కొట్టడం వల్లే వచ్చాయని నేను అనడం లేదు. నేను డాక్టరును కాను. ఆటలాడని వాళ్లకూ వస్తాయి. మా మేనత్తకు మతిమరుపు వచ్చింది, ఆవిడ జన్మలో బంతిని తాకలేదు. నేను అంటున్నది ఒక్కటే, ఆ ప్రశ్న అడగాలి అని.

స్కాట్లండ్‌లో అడిగారు. గ్లాస్గో విశ్వవిద్యాలయం వాళ్లు 7,676 మంది మాజీ ప్రొఫెషనల్ ఆటగాళ్ల మరణ వివరాలను, అదే వయసున్న 23,000 మంది మామూలు మనుషుల వివరాలతో పోల్చి 2019లో బయటపెట్టారు. మెదడు క్షీణించే జబ్బులతో పోయే ముప్పు ఆటగాళ్లలో మూడున్నర రెట్లు. గుండెజబ్బులు, ఊపిరితిత్తుల క్యాన్సర్ మాత్రం వాళ్లలో తక్కువే, ఆట చేసిన మేలు ఆట చేసింది. రెండేళ్ల తర్వాత అదే బృందం ఇంకో లెక్క తీసింది. అది చదివినప్పుడు నాకు కాళ్లు చల్లబడ్డాయి. గోల్‌కీపర్లలో ఆ ముప్పు దాదాపు మామూలు జనంతో సమానం. డిఫెండర్లలో ఐదు రెట్లు. గోల్‌కీపరు బంతిని చేత్తో పడతాడు. డిఫెండరు నెత్తితో కొడతాడు.

అంతకంటే ముందే, 2002లో, ఇంగ్లండ్‌లో జెఫ్ ఆస్ల్ అనే ఫార్వర్డ్ మెదడు జబ్బుతో 59 ఏళ్లకే పోతే, అక్కడ మరణ విచారణ జరిపే అధికారి దానిని వృత్తి వ్యాధి అని తేల్చాడు. సంపాదకులు గారూ, ఈ మాట దగ్గర ఆగమని కోరుతున్నాను. వృత్తి వ్యాధి అనేది గని కార్మికుడి ఊపిరితిత్తులకు వాడే మాట. పలకల ఫ్యాక్టరీలో దుమ్ము పీల్చినవాడికి వాడే మాట. ఆ మాట పడిందంటే జాలి పక్కకు పోయి, యజమాని ఎవరు, బాధ్యత ఎవరిది అనే లెక్క ముందుకు వస్తుంది. బలరాంకు రైల్వే ఉంది, యూసుఫ్ ఖాన్‌కు పోలీసు శాఖ ఉంది. ఆటే నా వృత్తి అన్న ఒకే ఒక్క మనిషికి మాత్రం వృత్తి వ్యాధి అని రాసివ్వడానికి యజమాని లేడు. ఏడాదికో సంతకం పెట్టించుకున్న క్లబ్బుల్లో ఎవరిని అడగాలి?

మా రోజుల్లో బంతి ఎలా ఉండేదో మీ విలేకరికి చూపించాలని ఉంది. పద్దెనిమిది తోలు ముక్కలు కుట్టిన బంతి. లోపల బ్లాడరు, పైన లేసు. ఆ లేసు ముడి సరిగ్గా నుదుటికి తగిలితే గీత పడేది, రెండు రోజులు ఉండేది. వానాకాలంలో నీళ్లు పీల్చకుండా ముందు రోజు రాత్రి కొబ్బరినూనె పట్టించేవాళ్లం, అయినా పీల్చేది. 1975 వర్షాకాలం లీగ్‌లో ఒక మ్యాచ్ పూర్తిగా వానలోనే ఆడాం. ఓడిపోయాం కనుక గొడవ పెట్టుకోవడానికి ఏదో ఒకటి కావాలి. 'బంతి బరువెక్కింది, అందుకే షాట్లు పోలేదు' అని మా సెంటర్ ఫార్వర్డ్ వాదన. తేల్చుకుందామని మైదానం పక్క కిరాణా కొట్టుకు తీసుకెళ్లాం. కొట్టాయన త్రాసు పళ్లెంలో గోనె ముక్క పరిచి బంతి పెట్టాడు. పొడిగా ఉన్నప్పుడు అది సుమారు నాలుగు వందల నుంచి నాలుగు వందల యాభై గ్రాముల మధ్య తూగాలి, నియమం అది. అరకిలో రాయి వేశాడు. బంతి లేవలేదు. యాభై గ్రాముల రాయి చేర్చాడు. అప్పుడు కూడా పళ్లెం బంతివైపే కొంచెం మొగ్గి ఉంది. ఆయన నీళ్లు తుడుచుకుంటూ, "అరకిలో పైగా ఉన్న బెల్లం ముద్దను ఎవరైనా నెత్తితో కొడతారా నాయనా?" అన్నాడు. మేమంతా పడి పడి నవ్వాం. మా సెంటర్ ఫార్వర్డ్ అందరికంటే ఎక్కువ నవ్వాడు, వాదన గెలిచాడు కదా.

ఇంత తెలిసి కూడా నేను ఏం చేశానో రాయకపోతే ఈ ఉత్తరం అబద్ధం అవుతుంది. మాస్టారునయ్యాక, ఎనిమిది, తొమ్మిది తరగతుల పిల్లలను వరసలో నిలబెట్టి, చేత్తో బంతి విసురుతూ తలతో కొట్టించాను. ఒక్కొక్కరికి యాభై. అంతర్ జిల్లా పోటీల ముందు వంద. కళ్లు మూసుకున్నవాడికి ఇంకో పది. మెడ బిగబట్టాలి, నుదుటితో కొట్టాలి, మాడుతో కాదు అని మాత్రం చక్కగా నేర్పాను, నాకు నేర్పినవాళ్లు అలాగే నేర్పారు కనుక. ఒక కుర్రాడు ఉండేవాడు, పేరు రాయను. గాలిలోకి లేస్తే వాడిని మించినవాడు ఆ జిల్లాలో లేడు. ప్రాక్టీసు అయ్యాక అప్పుడప్పుడు వచ్చి, "సార్, తల దిమ్ముగా ఉంది" అనేవాడు. "ఎండలో ఆడావు, నీళ్లు తాగి కాసేపు నీడలో కూర్చో" అనేవాణ్ని. నీళ్లు తాగేవాడు, కూర్చునేవాడు. వాడికి స్పోర్ట్స్ కోటాలో ఉద్యోగం వచ్చింది. మా ఇంటికి మిఠాయి తెచ్చాడు. మా ఆవిడ ఇప్పటికీ ఆ కుర్రాడు బాగున్నాడా అని అడుగుతుంది.

బాగానే ఉన్నాడు, యాభై దాటాడు. ఆదివారాల్లో తన కాలనీ పిల్లలకు ఉచితంగా ఫుట్‌బాల్ నేర్పుతున్నాడు. పోయిన నెల ఫోనుకు ఒక వీడియో పంపాడు. తొమ్మిదేళ్ల మనవడు, వరసలో నిలబడి, నేను నిలబెట్టినట్టే, మెడ బిగబట్టి నుదుటితో బంతి కొడుతున్నాడు. కింద 'మీరు నేర్పిందే సార్' అని రాసి దండం బొమ్మ పెట్టాడు. వెంటనే ఫోన్ చేసి ఆపేయమన్నాను. అమెరికాలో పదేళ్లలోపు పిల్లలకు తలతో కొట్టడం మాన్పించి చాలా ఏళ్లయిందని, ఇంగ్లండ్, స్కాట్లండ్‌లలో చిన్నపిల్లల ప్రాక్టీసులో 2020లోనే తీసేశారని, ఇంగ్లండ్‌లో ప్రొఫెషనల్ ఆటగాళ్లు కూడా ప్రాక్టీసులో తలతో గట్టిగా కొట్టడం వారానికి పదిసార్లు మించకూడదని 2021లో సూచించారని చెప్పాను. ఇప్పటి బంతులు నీళ్లు పీల్చవు కదా సార్ అన్నాడు. పీల్చవు, కానీ పొడిబంతి బరువు అప్పుడూ ఇప్పుడూ ఒకటే, పైగా ఇప్పుడు ఇంకా వేగంగా వస్తుంది అన్నాను. కాసేపు మాట్లాడలేదు. తర్వాత చాలా మర్యాదగా అడిగాడు, "మరి మా చేత ఎందుకు చేయించారు సార్?"

తెలియక అన్నాను. అది నిజమే, కానీ పూర్తి నిజం కాదు. దిమ్ముగా ఉందని వాడు నాకు చెప్పాడు కదా.

ఇప్పుడు మీ పత్రికను అడుగుతున్నది చిన్న పని. ఆడుకోవడానికి మైదానాలు లేవని, 2022లో ఇండియన్ సూపర్ లీగ్ (ఐఎస్ఎల్) గెలిచిన హైదరాబాద్ జట్టు నాలుగేళ్లు తిరగకుండానే ఊరు మారిపోయిందని మీరు రాస్తూనే ఉన్నారు, రాయండి. వాటితో పాటు, మన రెండు రాష్ట్రాల్లో పాఠశాల ఫుట్‌బాల్ శిక్షణలో పన్నెండేళ్లలోపు పిల్లల చేత తలతో కొట్టించవద్దని ఒక్క ఉత్తర్వు ఇవ్వడానికి అడ్డేమిటో విద్యాశాఖను, క్రీడాప్రాధికార సంస్థలను అడగండి. రూపాయి ఖర్చు లేని పని. రెండోది, పాత ఆటగాళ్ల ఇళ్లకు మళ్లీ వెళ్లండి. ఈసారి బీరువా తలుపు తెరిపించకండి. ఎన్నేళ్లు ఆడారు, ఏ స్థానంలో ఆడారు, ఎన్నిసార్లు మైదానంలో స్పృహ తప్పారు, మందులకు నెలకు ఎంతవుతోంది, ఆ డబ్బు ఎవరిస్తున్నారు అని అడిగి రాసుకోండి. మన దగ్గర ఈ వివరాలు కూర్చి పెట్టుకున్న కార్యాలయం ఒక్కటీ నా కంటపడలేదు.

హబీబ్ గారు ఈ ఊళ్లోనే ఉన్నారు, నేనూ ఈ ఊళ్లోనే ఉన్నాను. ఒక్కసారైనా వెళ్లి పలకరించలేదు. పెద్ద ఆటగాడు, నన్ను ఎవరని అడిగితే ఏం చెప్పాలి అని సంకోచించాను. ఆ తర్వాత వెళ్లినా, ఆయన ఎవరినీ గుర్తుపట్టని స్థితి వచ్చేసింది.

ఆ వ్యాసం రాసిన అబ్బాయిని మా ఇంటికి పంపండి, కోపం చూపించను. 1974 నుంచి ప్రతి లీగ్ మ్యాచ్‌కు ఎవరు ఎక్కడ ఆడారో రాసిపెట్టుకున్న నోటు పుస్తకాలు నా దగ్గర ఉన్నాయి. త్రాసు ఎక్కిన ఆ బంతి నాటి జట్టులో పదకొండు మందిమి, ఇప్పుడు ఐదుగురం మిగిలాం. నలుగురి ఇళ్లూ నాకు తెలుసు, నేనే వెంటబెట్టుకుని తీసుకెళ్తాను. మా సెంటర్ ఫార్వర్డ్ ఇల్లు బస్సు దిగితే నడిచేంత దూరం. పొద్దున తొమ్మిది లోపల వెళ్లాలి. ఆ వేళ అతను నా పేరు చెప్పగలడు.

ఇట్లు,
ఒక విశ్రాంత వ్యాయామ ఉపాధ్యాయుడు,
సికింద్రాబాద్